హెడ్డింగ్ చూసి కోడ్ వేసిన రోజులు: ఎండోస్కోపీ కోడింగ్‌లో నా అనుభవం

మెడికల్ కోడర్‌గా చేరిన మొదటి నెల ఆడిట్‌లో, అంటే నేను వేసిన కోడ్‌లని తిరిగి సరిచూసే తనిఖీలో, నా క్వాలిటీ 81 శాతం వచ్చింది. మా ఫ్లోర్‌లో 95 కంటే తగ్గితే మళ్లీ ట్రైనింగ్‌లో కూర్చోబెడతారు, ఇన్సెంటివ్ సంగతి ఇక మర్చిపోవచ్చు. తప్పుల షీట్ తెరిచి చూస్తే దాదాపు అన్నీ ఒకే జాతి. 43239 అనే కోడ్ వేయాల్సిన చోట 43251 వేశాను, అసలు వేయకూడని చోట 43255 వేశాను, ఇది వేరే పని అని చెప్పడానికి కోడ్ చివర తగిలించే 59 మాడిఫయర్‌ని పెట్టకూడని చోట పెట్టాను. అన్నీ ఎండోస్కోపీ చార్టులే, అంటే నోట్లోంచి స్కోప్ పంపి అన్నవాహిక, జీర్ణాశయం, చిన్నపేగు మొదటి భాగం చూసే పరీక్షలు. సీపీసీ అనే కోడింగ్ పరీక్ష పాసై వచ్చాను, కోడ్‌లన్నీ నోటికి వచ్చు, అయినా ఇలా ఎందుకైందో ఆ రోజు నాకు అర్థం కాలేదు. హాస్టల్‌కి వెళ్లి అన్నం కూడా తినకుండా పడుకున్నా.

ఈ పనేంటో తెలియని వాళ్లకి కొంచెం చెప్తాను, తెలిసిన వాళ్లు ఈ పేరా దాటేయండి. అమెరికాలో డాక్టర్ ఒక ప్రొసీజర్ చేస్తే ఇన్సూరెన్స్ కంపెనీకి దాన్ని కథలా రాసి పంపరు. ఏం చేశారో చెప్పడానికి ఐదంకెల సీపీటీ కోడ్, ఎందుకు చేశారో చెప్పడానికి ఐసీడీ కోడ్ పంపుతారు. సీపీటీ అమెరికన్ మెడికల్ అసోసియేషన్ వాళ్లది, ఏటా జనవరి 1న కొత్తది అమల్లోకి వస్తుంది. ఐసీడీలో పెద్ద మార్పులు అక్టోబర్ 1న వస్తాయి. డాక్టర్ రిపోర్ట్ చదివి ఈ రెండింటినీ ఎంచడమే మెడికల్ కోడర్ పని. ఆ డాక్టర్ ఎక్కడో టెక్సస్‌లో రిపోర్ట్ డిక్టేట్ చేసి ఇంటికెళ్లి పడుకుంటాడు, పొద్దున్నే ఇక్కడ హైదరాబాద్‌లో టిఫిన్ చేసి వచ్చిన మేం దాన్ని తెరుస్తాం. మన దగ్గర బీఫార్మసీ, మైక్రోబయాలజీ, నర్సింగ్ చదివిన వాళ్లు చాలామంది ఈ దారిలోనే ఉద్యోగంలోకి వచ్చారు, అందులో నేనొకదాన్ని.

మాది ఖమ్మం. బీఫార్మసీ అయ్యాక ఏడాది మెడికల్ రెప్ ఉద్యోగాల చుట్టూ తిరిగి, 2022లో అమీర్‌పేట వచ్చి మైత్రీవనం దగ్గర ఒక ఇన్‌స్టిట్యూట్‌లో చేరాను. ఏఏపీసీ అనే అమెరికా కోడర్‌ల సంస్థ పెట్టే సీపీసీ పరీక్ష 100 ప్రశ్నలు, 4 గంటలు, 70 శాతం వస్తే పాస్. కోడ్ పుస్తకాలు పక్కన పెట్టుకునే రాయొచ్చు. "పుస్తకం చూసి రాసే పరీక్షకి అంత టెన్షన్ ఎందుకే" అని మా అమ్మ నవ్వింది. ప్రశ్నకి 2 నిమిషాల 24 సెకన్లు వస్తాయి, ఆ టైమ్‌లో పుస్తకంలో పేజీ దొరికితే గొప్పే. మొత్తానికి పాసయ్యాను, పేరు చివర అప్రెంటిస్ అని తోక తగిలించి సర్టిఫికెట్ ఇచ్చారు, రెండు నెలలకి ఉద్యోగం వచ్చింది. జీఐ, అంటే జీర్ణకోశ ప్రాజెక్ట్‌లో వేశారు. ఫోన్ లాకర్‌లో పెట్టాలి, పెన్నూ పేపరూ లోపలికి తీసుకెళ్లకూడదు, పేషెంట్ వివరాలు బయటికి పోకూడదు కదా. ఆ నిబంధన మంచిదే కానీ కోడ్‌లు పేపర్ మీద గీసుకుని గుర్తుపెట్టుకునే నాలాంటి దానికి చేతులు కట్టేసినట్టు ఉండేది.

ఇప్పుడు అసలు విషయం. ఇన్‌స్టిట్యూట్‌లో నేను ఎండోస్కోపీ కోడ్‌లని ఎక్కాల్లా బట్టీ కొట్టాను. 43235 అంటే ఊరికే చూడటం, 43239 అంటే బయాప్సీ, అదే పరీక్షకి చిన్న ముక్క తీయడం, 43244 అంటే ఉబ్బిన రక్తనాళాలకి బ్యాండ్ వేయడం, 43246 అంటే పొట్టలోకి ఫీడింగ్ ట్యూబ్ పెట్టడం, 43247 అంటే ఇరుక్కున్న వస్తువు తీయడం, 43251 అంటే పాలిప్‌ని, అదే లోపలి గోడ మీద పెరిగిన చిన్న కండని, స్నేర్‌తో తీయడం, 43255 అంటే రక్తస్రావం ఆపడం. ఇలా ఒక మాటకి ఒక కోడ్. చార్ట్ తెరవగానే పైన బోల్డ్‌లో ప్రొసీజర్ పేరు ఉంటుంది, ఆ పేరు చూసి నా బుర్రలో కోడ్ టక్కున వెలిగేది. రోజుకి ఇన్ని చార్టులు అని టార్గెట్ ఉంటుంది కాబట్టి టక్కున వెలగడం నాకు చాలా గొప్పగా అనిపించేది కూడా. మూడో వారానికే టార్గెట్ దాటేశాను, టీమ్ లీడ్ అందరి ముందూ మెచ్చుకున్నాడు. నెలాఖరుకి ఆడిట్ వచ్చింది.

మా ఆడిటర్ అక్కది గుంటూరు వైపు. మాట కటువు, కానీ ఓపిక ఎక్కువ. ఆమె నా తప్పుల్లో మొదటిది స్క్రీన్ మీద తెరిచింది. హెడ్డింగ్ ఈజీడీ విత్ పాలిపెక్టమీ. ఈజీడీ అంటే పైన చెప్పిన ఎండోస్కోపీయే, పాలిపెక్టమీ అంటే పాలిప్ తీయడం. నేను 43251 వేశాను.

"కిందకి రా, ఇక్కడ ఏం రాశాడో చదువు."

చదివాను. జీర్ణాశయంలో 4 మిల్లీమీటర్ల పాలిప్ కనిపించింది, కోల్డ్ బయాప్సీ ఫోర్సెప్స్‌తో పూర్తిగా తీసేశాం.

"స్నేర్ ఎక్కడుంది?"

లేదు. స్నేర్ అంటే తీగ ఉచ్చు, పాలిప్ మెడకి ఉచ్చు వేసి బిగించి కోస్తే 43251. కరెంటు పెట్టిన హాట్ బయాప్సీ ఫోర్సెప్స్‌తో తీస్తే 43250. మామూలు చిన్న పటకారు లాంటి కోల్డ్ ఫోర్సెప్స్‌తో గిల్లితే, పాలిప్ మొత్తం వచ్చేసినా సరే, అది 43239, బయాప్సీయే. నాకు మింగుడు పడలేదు. పాలిప్ మొత్తం పోయాక అది బయాప్సీ ఎలా అవుతుందక్కా అని వాదించాను. "పోయిందా లేదా అన్నది డాక్టర్‌కి కావాలి, దేంతో తీశాడు అన్నది నీకు కావాలి" అంది. అక్కడితో ఆ చర్చ అయిపోయింది. ఆ నెలలో అలాంటివే నావి ఐదు ఉన్నాయి. ఐదూ అప్‌కోడింగ్ కింద లెక్క, అంటే చేసిన పని కంటే ఎక్కువ డబ్బు వచ్చే కోడ్ వేయడం. కావాలని చేయలేదు అంటే వినేవాళ్లు ఎవరూ ఉండరు.

రెండో రకం తప్పు తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది. బయాప్సీ తీశారు, తీసిన చోట కొంచెం రక్తం కారింది, డాక్టర్ ఒక క్లిప్ వేసి ఆపాడు, రిపోర్ట్‌లో శుభ్రంగా రాశాడు. నేను 43239 వేసి, రక్తం ఆపాడు కదా అని 43255 కూడా వేశాను. తప్పు. మన ప్రొసీజర్ వల్లే వచ్చిన రక్తాన్ని మనమే ఆపితే దానికి వేరే కోడ్ లేదు, అది ఆ ప్రొసీజర్‌లో భాగమే. నా పక్క సీట్లో అమ్మాయి దీన్ని భలే చెప్పింది, సూది గుచ్చిన కాంపౌండర్ దూది అద్దినందుకు వేరే డబ్బులు అడిగినట్టు ఉందే అని. 43255 ఎప్పుడంటే, పేషెంట్ రక్తం కారుతూనే వచ్చినప్పుడు. అల్సర్ నుంచి కారుతోంది, డాక్టర్ ఎపినెఫ్రిన్ ఇంజెక్షన్ ఇచ్చి, క్లిప్ వేసి, చివరికి వేడితో కాల్చే కాటరీ కూడా పెట్టాడు అనుకోండి, మూడూ కలిపి ఒక్క 43255 మాత్రమే. ఆ కోడ్‌లో "ఏ పద్ధతైనా" అని ఉంది. అదే అల్సర్‌లో ఇచ్చిన ఇంజెక్షన్‌కి 43236 విడిగా వేయకూడదు. నేను అది కూడా వేసి చూశాను లెండి, తప్పుల్లో ఏదీ వదల్లేదు.

అన్నిటికంటే నన్ను ఎక్కువ తిప్పలు పెట్టింది డైలేషన్. అన్నవాహిక సన్నబడి ముద్ద దిగని వాళ్లకి దాన్ని వెడల్పు చేస్తారు. హెడ్డింగ్‌లో ఎప్పుడూ ఒకటే మాట ఉంటుంది, ఈజీడీ విత్ డైలేషన్. ఆ ఒక్క మాట కింద నాలుగైదు కోడ్‌లు దాక్కుని ఉంటాయి. స్కోప్ లోపలి నుంచే బెలూన్ పంపి ఉబ్బిస్తే 43249, అదీ బెలూన్ 30 మిల్లీమీటర్ల కంటే చిన్నదైతే. 30 లేదా అంతకంటే పెద్ద బెలూన్ అయితే 43233, ఇది అన్నవాహిక కింది కండరం సడలని అకలేషియా లాంటి జబ్బుల్లో కనిపిస్తుంది. ముందు ఒక సన్న తీగ దింపి, ఆ తీగ మీదుగా గట్టి డైలేటర్‌లు ఒకదాని తర్వాత ఒకటి పెద్దవి చేస్తూ పంపితే 43248, సావరీ అనే పేరు కనిపిస్తే సాధారణంగా ఇదే. తీగ లేకుండా, స్కోప్ బయటికి తీసేశాక, మలోనీ అనే బరువైన గొట్టాన్ని గుడ్డిగా గొంతులోంచి దించితే అది ఈ కోడ్‌ల కుటుంబమే కాదు, 43450కి వెళ్లాలి. సన్నబడింది అన్నవాహిక కాకుండా జీర్ణాశయం చివర ఉండే పైలోరస్ అయితే, బెలూన్ అదే అయినా కోడ్ 43245.

అంటే డైలేషన్ అన్న మాట కనబడగానే మనం అడగాల్సినవి ఎక్కడ, దేంతో, తీగ ఉందా, బెలూన్ ఎంత. ఇవేవీ హెడ్డింగ్‌లో ఉండవు. ఒక్కోసారి బాడీలో కూడా ఉండవు. "18 మిల్లీమీటర్ల వరకు డైలేట్ చేశాం" అని మాత్రం రాసి ఊరుకునే డాక్టర్‌లు ఉన్నారు. 18 మిల్లీమీటర్ల బెలూన్ ఉంటుంది, 18 మిల్లీమీటర్ల సావరీ కూడా ఉంటుంది, మనమెలా ఊహిస్తాం? మొదట్లో నేను ఊహించేదాన్ని. ఎక్కువ చార్టుల్లో బెలూనే కనిపిస్తోంది కాబట్టి 43249 వేసి ముందుకెళ్లేదాన్ని. అలాంటిదొకటి ఆడిట్‌లో దొరికింది. నర్సు నోట్స్‌లో వాడిన పరికరాల లిస్ట్ ఉంటే అందులో సావరీ గైడ్ వైర్ అని స్పష్టంగా ఉంది. ఆ పేజీ నేను తెరవలేదు. తెరవకపోవడానికి కారణం, దాని కోసం ఇంకో ట్యాబ్‌కి వెళ్లాలి, ఆ ట్యాబ్ లోడ్ అవడానికి అర నిమిషం పడుతుంది. నర్సు నోట్స్‌ని బట్టి కోడ్ వేసేయవచ్చని కాదు, డాక్టర్‌ని అడగాలన్న సంగతైనా అది చూస్తే తెలిసేది. అర నిమిషం కోసం తప్పు చేశాను అని ఆడిటర్ అక్కకి చెప్పడానికి నోరు రాలేదు.

ఆ రాత్రి హాస్టల్‌లో నోట్‌బుక్ తీసి ఒక బొమ్మ గీశాను. నోరు, అన్నవాహిక, పొట్ట, డుయోడినం అంటే చిన్నపేగు మొదటి భాగం, దాని తర్వాత రెండో భాగం జెజునం. స్కోప్ ఎక్కడ ఆగితే ఏ కుటుంబమో పక్కన రాసుకున్నా. రూమ్‌మేట్ చూసి కాలువకి తూములు గీస్తున్నావా అంది. నిజంగా అలాగే ఉంది. స్కోప్ అన్నవాహిక చివర పొట్టతో కలిసే చోట ఆగితే, పొట్ట పైభాగాన్ని వెనక్కి తిప్పి కాస్త చూసినా సరే, 43200 కుటుంబం. డుయోడినం దాకా వెళ్తే 43235 కుటుంబం. గ్యాస్ట్రిక్ బైపాస్ ఆపరేషన్ అయిన వాళ్లకి పాత డుయోడినం దారిలోనే ఉండదు, వాళ్లలో కుట్టు దాటి జెజునం చూస్తే చాలు, 43235 కుటుంబమే. పైలోరస్ దాటి ఇంకా కనీసం 50 సెంటీమీటర్లు పోతే 44360 కుటుంబం.

ఇక్కడో మెలిక ఉంది. డాక్టర్ ఈజీడీ మొదలుపెట్టాడు, అన్నవాహిక చూశాడు, పొట్ట చూశాడు, కానీ పొట్ట నిండా నిన్నటి అన్నం అలాగే ఉంది, అవతలికి పోతే ప్రమాదమని ఆగిపోయాడు. డుయోడినం చూడలేదు. అప్పుడు 43235 కే మాడిఫయర్ పెట్టాలి. మళ్లీ చేసే ఆలోచన లేకపోతే 52, మళ్లీ చేస్తామంటే 53. ఈ ఒక్క ముక్క కోసం రిపోర్ట్ చివర ప్లాన్ అన్న పేరా చదవాలి, అక్కడ రెండు రోజుల్లో మళ్లీ రమ్మన్నాం అని ఉంటుంది. నేను ఇది బాగా నేర్చుకున్నాను అనుకుని, గర్వంగా ఒక ఫెసిలిటీ చార్ట్‌లో 53 పెట్టాను. ఫెసిలిటీ అంటే డాక్టర్ ఫీజు కాకుండా ఆసుపత్రి వాళ్ల బిల్. అక్కడ లెక్క వేరు, మత్తు ఇవ్వకముందు ఆపేస్తే 73, ఇచ్చాక ఆపేస్తే 74. అదే పేషెంట్, అదే పొట్ట, అదే అన్నం, రెండు బిల్లులు, రెండు మాడిఫయర్‌లు. ఎవరు పెట్టారో ఈ రూల్స్ అని తిట్టుకున్నాను, కానీ ఆలోచిస్తే అర్థం ఉంది, ఆసుపత్రికి అయ్యే ఖర్చు మత్తు ఇచ్చారా లేదా అన్నదాన్ని బట్టి మారుతుంది.

59 మాడిఫయర్ గురించి చెప్పకపోతే జీఐ కోడర్‌లు ఒప్పుకోరు. ఎన్‌సీసీఐ అని ఒక జాబితా ఉంది, అమెరికా ప్రభుత్వ ఇన్సూరెన్స్ మెడికేర్ వాళ్లది, మూడు నెలలకోసారి మారుతుంది. ఏ రెండు కోడ్‌లు కలిపి వేస్తే ఒకటి రెండోదాంట్లో కలిసిపోతుందో అందులో ఉంటుంది. 43251, 43239 అలాంటి జంట. ఒకే పాలిప్‌ని ముందు గిల్లి తర్వాత స్నేర్‌తో తీస్తే 43251 ఒక్కటే. పాలిప్ ఒక చోట, బయాప్సీ ఇంకో చోట అయితే రెండూ వేసి 43239 కి 59 పెట్టొచ్చు. కొందరు పేయర్‌లు, అంటే డబ్బు కట్టే ఇన్సూరెన్స్ వాళ్లు, 59 బదులు 2015లో వచ్చిన ఎక్స్ఎస్ మాడిఫయర్ అడుగుతారు. నేను చేసిందేంటంటే, రెండు కోడ్‌లు కనబడితే చాలు సాఫ్ట్‌వేర్ ఎర్ర గీత చూపించగానే 59 పెట్టి ఆ గీత పోగొట్టడం. గీత పోయేది, చార్ట్ ముందుకెళ్లేది, నాకు హాయిగా ఉండేది. చాలామంది ఇలాగే చేస్తారు, చేయమని చెప్పే సీనియర్‌లు కూడా ఉన్నారు. దయచేసి వాళ్ల మాట వినకండి, ఆడిట్‌లో పేరు వచ్చేది మీదే.

కానీ ఇదే 59 మీద నేను ఒక కేసు గెలిచాను, అది కూడా చెప్పుకోవాలి కదా. రెండో నెలలో ఒక చార్ట్‌లో 43251తో పాటు 43239-59 వేశాను, తప్పని మార్క్ పడింది, బయాప్సీ వేరే చోట తీసినట్టు ఆధారం లేదని. నిజమే, ప్రొసీజర్ వివరణలో "పాలిప్‌ను స్నేర్‌తో తీశాం, బయాప్సీలు తీశాం" అని మాత్రమే ఉంది. కానీ అదే రిపోర్ట్ చివరి పేజీలో ల్యాబ్‌కి పంపిన సీసాల లిస్ట్ ఉంది. డాక్టర్ సంతకం దాని కిందే ఉంది. జార్ 1లో ఆంట్రం, అంటే పొట్ట కింది భాగం బయాప్సీ, హెచ్ పైలోరీ అనే బ్యాక్టీరియా కోసం. జార్ 2లో పొట్ట మధ్యభాగం పాలిప్. రెండు సీసాలు, రెండు చోట్లు. ఆ లైన్లు చూపించి రిబట్టల్, అంటే ఆడిట్ మీద అభ్యంతరం, పెట్టాను. ఒక రోజంతా జవాబు రాలేదు, మధ్యలో రెండుసార్లు వాష్‌రూమ్‌కి వెళ్లొచ్చాను, సాయంత్రం ఆడిటర్ అక్క మా వరుసలోకి వచ్చి "ఎర్రర్ తీసేశా, చివరి పేజీ దాకా వెళ్లావన్నమాట" అని వెళ్లిపోయింది. ఆ రోజు హాస్టల్‌లో అందరికీ మిర్చి బజ్జీలు తెప్పించాను.

ఆ తర్వాత నా పద్ధతి మారింది. పద్ధతి అంటే పెద్దదేం కాదు, హెడ్డింగ్‌ని చేత్తో మూసినట్టు వదిలేసి, బాడీ అంతా చదివి, స్కోప్ ఎక్కడి దాకా పోయిందో, ఏ చోట ఏ పరికరంతో ఏం చేశారో మనసులో ఒక కథలా చెప్పుకుని, చివరికి పైకి వచ్చి హెడ్డింగ్ చూడటం. రెండూ కలవకపోతే బాడీనే నమ్ముతాను. ప్రొడక్షన్ మొదటి రెండు వారాలు పడిపోయింది, టీమ్ లీడ్ పిలిచి ఏమైంది అని అడిగాడు, చదువుతున్నా సర్ అన్నాను. ఆయనకి నచ్చలేదు. నెలన్నరకి మళ్లీ టార్గెట్ అందుకున్నాను.

డయాగ్నోసిస్ కోడ్‌ల దగ్గర తప్పు ఒకటే చేశాను కానీ అది పెద్దది. రిపోర్ట్‌లో "బారెట్స్ అనుమానం, బయాప్సీ పంపాం" అని ఉంది. నేను కె22.70, అంటే బారెట్స్ ఉంది అని వేసేశాను. ఔట్‌పేషెంట్‌లో, అంటే ఆసుపత్రిలో చేరని వాళ్లకి, అనుమానం, కావచ్చు, కాదని తేల్చుకోవాలి లాంటి మాటలున్న జబ్బుని కోడ్ చేయకూడదు, ఐసీడీ గైడ్‌లైన్స్‌లో ఉన్నదే. ఎందుకు వచ్చాడో ఆ లక్షణమో, తేలిన జబ్బో వేయాలి, అతను రిఫ్లక్స్‌తో, అంటే పొట్టలో ఆమ్లం పైకి తన్నడంతో, వచ్చాడు, కె21.9 సరిపోయేది. బయాప్సీ రిపోర్ట్ కోడింగ్ టైమ్‌కి చేతికి వస్తే దాన్ని బట్టి వేయొచ్చు. ఆడిటర్ అక్క దీనికి మాత్రం గొంతు పెంచింది. బారెట్స్ అంటే క్యాన్సర్‌కి దారి తీసే అవకాశం ఉన్న మార్పు, ఆ మాట ఒకసారి ఆ మనిషి రికార్డులో పడిందంటే అది అతని వెంట తిరుగుతుంది, డబ్బు తప్పైతే వెనక్కి ఇస్తారు, దీన్ని ఎవరు వెనక్కి తీసుకుంటారు అంది. అప్పటిదాకా నాకు చార్ట్ అంటే నంబర్. అవతల ఒక మనిషి ఉన్నాడని, అతనికి మా నాన్న వయసే ఉందని, డేట్ ఆఫ్ బర్త్ చూసి అప్పుడే గమనించాను.

మా నాన్న సంగతి కూడా ఇందులో ఉంది. ఆ సంక్రాంతికి ఇంటికెళ్తే ఆయన నెల రోజులుగా గ్యాస్ బిళ్లలు మింగుతున్నాడని తెలిసింది. బలవంతంగా ఖమ్మంలో ఆసుపత్రికి తీసుకెళ్లి ఎండోస్కోపీ చేయించాం. గొంతులో స్ప్రే కొట్టారు, ఐదు నిమిషాల్లో అయిపోయింది. రిపోర్ట్ ఒక్క పేజీ, రంగు ఫొటోలు నాలుగు. డి1, డి2 నార్మల్, ఆంట్రల్ గ్యాస్ట్రైటిస్, అంటే పొట్ట కింది భాగంలో వాపు, ఆర్‌యూటీ అనే హెచ్ పైలోరీ పరీక్ష పాజిటివ్. డి2 అని చూడగానే స్కోప్ డుయోడినం రెండో భాగం దాకా వెళ్లింది, 43235 కుటుంబం అనుకున్నా. ఆర్‌యూటీకి ముక్క తీస్తారు కాబట్టి 43239. డయాగ్నోసిస్‌కి కె29.70, పక్కన హెచ్ పైలోరీకి బి96.81. నేను కాగితం పట్టుకుని అలా నిలబడిపోయేసరికి నాన్న మొహం పాలిపోయింది, "ఏందమ్మా, ఏమన్నా పెద్ద జబ్బా" అన్నాడు. కాదు నాన్నా, రెండు వారాలు మందులు వాడితే పోతుందట, డాక్టర్ చెప్పాడుగా అన్నాను. బిల్‌లో మాత్రం ఎండోస్కోపీ అని ఒక్క ముక్క, పక్కన రూపాయలు. ఏ స్నేర్, ఏ ఫోర్సెప్స్ అని అడిగేవాళ్లు లేరు, అసూయగా అనిపించింది.

డబ్బు లెక్క గురించి కూడా ఒక మాట, ఇది నాకు ఆరు నెలల తర్వాత గానీ తెలియలేదు. ఒకే రోజు ఒకే కుటుంబంలో రెండు ప్రొసీజర్‌లు చేస్తే మెడికేర్ రెండింటికీ పూర్తి డబ్బు ఇవ్వదు. ఉదాహరణకి, నేను ఊహించి చెప్తున్న అంకెలు, ఊరికే చూడటానికి 100, బయాప్సీకి 120, స్నేర్‌కి 180 అనుకోండి. స్నేర్‌కి 180 ఇస్తారు, బయాప్సీకి 120లోంచి చూడటానికి అయిన 100 తీసేసి 20 ఇస్తారు, మొత్తం 200. స్కోప్ లోపలికి వెళ్లింది ఒక్కసారే కదా, దానికి రెండుసార్లు ఎందుకివ్వాలి అన్నది వాళ్ల వాదన. సరైన వాదనే. ఇది తెలిశాక 43235ని ఏ బయాప్సీ కోడ్ పక్కనా ఎందుకు వేయకూడదో వివరించనక్కర్లేకుండా అర్థమైపోయింది, చూడకుండా గిల్లలేరు కాబట్టి.

మత్తు గురించి అడుగుతారు కొందరు. డాక్టరే మోస్తరు మత్తు ఇచ్చుకుంటే 2017 నుంచి అది విడిగా కోడ్ చేయాలి, అంతకుముందు ఎండోస్కోపీ కోడ్‌లోనే కలిసి ఉండేది. అనస్థీషియా డాక్టర్ వచ్చి ఇస్తే వాళ్ల బిల్ వేరే, పై జీర్ణకోశ ఎండోస్కోపీకి 2018 నుంచి 00731, స్కోప్‌తో పిత్తనాళాలు చూసే ఈఆర్‌సీపీకి 00732. ఇంతకంటే దాని గురించి నాకు పెద్దగా ఆసక్తి లేదు, మా టీమ్‌కి రాదు.

ఇప్పుడు నా క్వాలిటీ 97, 98 మధ్య ఉంటోంది, కొత్తగా చేరిన ఇద్దరు పిల్లల చార్టులు కూడా నేనే చూస్తున్నాను. నిన్న వాళ్లలో ఒకమ్మాయి ఒక చార్ట్ తెచ్చింది. హెడ్డింగ్ పుష్ ఎంటరోస్కోపీ విత్ బయాప్సీ, అంటే స్కోప్‌ని చిన్నపేగులోకి ఇంకా లోతుగా పంపి ముక్క తీయడం. 44361 వేసింది. బాడీలో "స్కోప్ జెజునం మొదటి భాగం వరకు వెళ్లింది" అని ఉంది, పైలోరస్ దాటి ఎన్ని సెంటీమీటర్లో లేదు. 50 ఉంటే ఆమె వేసింది కరెక్ట్, లేకపోతే 43239. ఇద్దరం కలిసి నర్సు నోట్స్, సీసాల లిస్ట్, ఫొటోల కింద రాసిన మాటలు అన్నీ వెతికాం, దూరం ఎక్కడా లేదు. "హెడ్డింగ్‌లో ఉందిగా అక్కా, టార్గెట్‌కి ఇంకా తొమ్మిది చార్టులున్నాయి" అంది. డాక్టర్‌ని అడిగే క్వెరీ ఎలా రాయాలో పక్కన కూర్చుని చూపించాను, "ఎంటరోస్కోపీ అని నిర్ధారించండి" అని రాయకూడదు, జవాబు మనమే అందించినట్టు అవుతుంది, "స్కోప్ పైలోరస్ దాటి ఎంత దూరం వెళ్లిందో తెలపగలరు" అని మాత్రమే రాయాలి. పంపాం. ఇవాళ సాయంత్రం దాకా డాక్టర్ నుంచి జవాబు లేదు, చార్ట్ హోల్డ్‌లోనే ఉంది.